గోదావరి డెల్టాలో ఏటి నీళ్లూ బావి నీళ్లూ కొలిచి కంప్యూటర్‌తో ముందే అంచనా కట్టడం: మొదటి నుంచి చివరి దాకా

జూలై వచ్చిందంటే మన డెల్టాలో అందరి నోటా ఒకటే మాట, భద్రాచలంలో ఎన్ని అడుగులు, ధవళేశ్వరంలో ఎన్ని లక్షలు అని. ఆ అడుగులకీ ఆ లక్షలకీ లెక్కేంటి, భద్రాచలం అంకె చూసి మన లంకకి నీళ్లు ఎప్పుడొస్తాయో చెప్పొచ్చా, వేసవిలో కాలువకి నీళ్లు కట్టేశాక ఫిల్టర్ పాయింట్‌లో (చేలో తక్కువ లోతుకి దించిన గొట్టపు బావిలో) నీళ్లు ఎంత దిగుతాయి, ఇవన్నీ ఒక మామూలు ల్యాప్‌టాప్ మీద, ఉచితంగా దొరికే ప్రోగ్రామ్‌లతో లెక్క కట్టుకోవచ్చండి. ఇంజనీరింగ్ చదివే పిల్లలకి, నీటి సంఘాల్లో తిరిగే రైతులకి, వరదప్పుడు లంకల్లో పనిచేసే కుర్రాళ్లకి పనికొచ్చేలా వరసగా రాస్తున్నా. ఎక్సెల్ గానీ లిబ్రే ఆఫీస్ గానీ వస్తే చాలు, పైథాన్ వస్తే ఇంకా సుఖం.

ముందుగా ఒకటి మనసులో పెట్టుకోండి, మిగతాదంతా దీని మీదే నడుస్తుంది. డెల్టాలో నీటి మట్టం వేరు, ప్రవాహం వేరు. ఎగువన కొండల్లో ఏరయితే మట్టం చూసి ఎన్ని క్యూసెక్కులు పోతున్నాయో చెప్పేయొచ్చు, మన దగ్గర మాత్రం బ్యారేజీ గేట్లు, లాకులు, సముద్రపు పోటు, గుర్రపు డెక్క అన్నీ మధ్యలో దూరతాయి కాబట్టి అదే మట్టానికి ఒకరోజు నీళ్లు పరిగెడతాయి ఇంకోరోజు అసలు కదలవు. పుస్తకంలో పద్ధతి ఉన్నది ఉన్నట్టు తెచ్చి ఇక్కడ పెడితే లెక్క తప్పుద్ది. ఎక్కడెక్కడ తప్పుద్దో ఎక్కడికక్కడ చెప్తాను.

కొలమానాలు, గేజీ సున్నా

క్యూసెక్కు అంటే సెకనుకి ఒక ఘనపుటడుగు, అంటే 28.3 లీటర్లు. సెకనుకి ఒక ఘనపు మీటరు అయితే క్యూమెక్కు, అది 35.3 క్యూసెక్కులతో సమానం. టీఎంసీ అంటే వంద కోట్ల ఘనపుటడుగులు. లక్ష క్యూసెక్కులు రోజంతా పారితే 8.64 టీఎంసీ అవుద్ది, అంటే మొదటి హెచ్చరిక నాటికి ధవళేశ్వరం దగ్గర సుమారు 10 లక్షల క్యూసెక్కులు పోతుంటే రోజుకి 86 టీఎంసీల పైనే సముద్రంలోకి వెళ్తున్నట్టు.

ఇప్పుడు అసలు తిరకాసు. భద్రాచలంలో మూడు హెచ్చరికలు 43, 48, 53 అడుగులు. ధవళేశ్వరంలో 11.75, 13.75, 17.75 అడుగులు. ఇవి టీవీలో, పేపర్లో వచ్చే అంకెలు. కేంద్ర జల సంఘం వరద సైట్ తెరిస్తే మాత్రం భద్రాచలం హెచ్చరిక మట్టం 45.72 మీటర్లు, ధవళేశ్వరం 14.25 మీటర్లు అని కనిపిస్తాయి. రెండూ ఒకటేనండి, మొదటిది ఆ రేవులో గేజీ సున్నా (నీటి మట్టం చూసే స్కేల్ మీద సున్నా గీత) నుంచి కొలిచింది, రెండోది సముద్ర మట్టం నుంచి కొలిచింది. 45.72 మీటర్లంటే 150 అడుగులు, అందులో 43 తీసేస్తే 107. అంటే భద్రాచలం గేజీ సున్నా సముద్ర మట్టానికి 107 అడుగుల ఎత్తులో ఉందన్నమాట. అలాగే 14.25 మీటర్లంటే 46.75 అడుగులు, 11.75 తీసేస్తే 35. సరిచూసుకోవాలంటే ప్రమాద మట్టాలతో చూడండి. భద్రాచలం 48.77 మీటర్లు, అంటే 160 అడుగులు, 107 తీసేస్తే సరిగ్గా 53. ధవళేశ్వరం 16.08 మీటర్లు, అంటే 52.75 అడుగులు, 35 తీసేస్తే 17.75. షీట్‌లో మీటర్లు, అడుగులు, రెండు రకాల సున్నాలు కలిసిపోయాయంటే తర్వాత ఏ ప్రోగ్రామూ కాపాడలేదు కాబట్టి మొదటిరోజే అన్నీ ఒక కొలతలోకి మార్చి పెట్టుకోండి.

డేటా ఎక్కడ దొరుకుద్ది

పాత రికార్డులకి ఇండియా విరిస్ పోర్టల్ చూడండి. గంగ, బ్రహ్మపుత్ర, సింధు నదుల డేటా దేశ సరిహద్దుల కారణంగా అందరికీ ఇవ్వరు, గోదావరికి ఆ ఇబ్బంది లేదు. వరద రోజుల్లో తాజా మట్టాలకి కేంద్ర జల సంఘం సైట్. మన రాష్ట్రంలో చెరువులు, కాలువలు, భూగర్భ జలం, వాన అన్నీ ఒకచోట చూడాలంటే ఏపీ విరిమ్స్. వానకి వాతావరణ శాఖ వాళ్ల గళ్ల డేటా ఉంది, పావు డిగ్రీ గళ్లలో రోజువారీ వాన, 1901 నుంచి. ఇవాళ్టి వాన గంటల లెక్కన కావాలంటే నాసా వాళ్ల ఐమెర్గ్ ఉపగ్రహ వాన వాడొచ్చు.

దించుకున్నాక ముందు చేయాల్సింది గ్రాఫ్ గీయడం. రీడింగ్ లేని చోట సున్నా పెట్టకండి, ఖాళీగా వదిలేయండి, సున్నా పెడితే గోదావరి ఎండిపోయిందని ప్రోగ్రామ్ నమ్మేస్తది. రోజుల తరబడి ఒకే అంకె కదలకుండా ఉంటే సెన్సార్ ఇరుక్కుంది. ధవళేశ్వరం దగ్గర గంటలో అయిదడుగులు లేచినట్టు చూపిస్తే అది వరద కాదు, తప్పు రీడింగ్. తీసేసిన రీడింగులన్నీ ఎందుకు తీశారో పక్క కాలమ్‌లో రాసి పెట్టండి, పై ఏడాది మీకే కావాలి.

మన కాలువ మనమే కొలుచుకోవడం

అన్నిటికన్నా దీని మీద ఎక్కువ టైం పెట్టమంటాను, చేత్తో కొలిచిన వాడికే కంప్యూటర్ చెప్పే అంకె సరైందో కాదో తెలుస్తుంది.

కాలువలో తిన్నగా కనీసం వందడుగులు సాగే చోటు చూసుకోండి. లాకులకీ, రెగ్యులేటర్లకీ, తూములకీ దగ్గర్లో వద్దు, అక్కడ నీళ్లు వెనక్కి ఎగదన్ని నిలబడి ఉంటాయి. చిన్న వంతెన ఉంటే మరీ మంచిది, దిగే పని ఉండదు. నీళ్లు నిండుగా పారేటప్పుడు కాలువలోకి దిగి కొలవొద్దు, తాడుకి ఇనప గుండు కట్టి వంతెన మీద నుంచే లోతు తీయండి.

ఉదాహరణకి కాలువ 30 అడుగుల వెడల్పు అనుకోండి. ఆరేసి అడుగుల చొప్పున అయిదు ముక్కలు చేసి ఒక్కో ముక్క మధ్యలో లోతు తీస్తే 2, 3.5, 4, 3.5, 2 అడుగులు వచ్చాయి. మొత్తం 15, దాన్ని 6తో గుణిస్తే 90 చదరపు అడుగులు, అది నీటి అడ్డకోత. తర్వాత వందడుగుల దూరానికి రెండు గుర్తులు పెట్టి, పై గుర్తుకి కాస్త ఎగువన ఒక నారింజ కాయో సగం నీళ్లు పోసి మూత బిగించిన సీసానో వేయండి. కొబ్బరి డొప్పలు, థర్మాకోల్ ముక్కలు వద్దు, పైపైన తేలి గాలికి కొట్టుకుపోతాయి. వందడుగులు పోవడానికి 50 సెకన్లు పట్టిందంటే వేగం సెకనుకి 2 అడుగులు. పైన నీళ్లు వేగంగా, అడుగున నెమ్మదిగా పోతాయి కాబట్టి 0.85తో గుణించాలి, 1.7 వచ్చింది. 90 ఇంటూ 1.7 అంటే 153 క్యూసెక్కులు. ఒక క్యూసెక్కు రోజంతా పారితే దాదాపు రెండెకరాలకి అడుగు లోతు నీళ్లు, అంటే మన 153 క్యూసెక్కులు రోజంతా పారితే 300 ఎకరాలకి అడుగు లోతు. శివారు భూములకి నీళ్లు రావట్లేదని మీటింగ్‌లో గొడవ పడేటప్పుడు ఇలాంటి అంకె ఒకటి చేతిలో ఉంటే మాటకి బరువుంటుంది.

సీసా ఒకసారి వేసి వదిలేయకండి, మధ్యలో, రెండు గట్ల దగ్గర వేర్వేరుగా వేసి ఒక్కో ముక్కకి దాని వేగంతోనే లెక్క కట్టండి. కరెంట్ మీటర్ (నీటి వేగం కొలిచేది, ఇంట్లో కరెంటు మీటర్ కాదు) దొరికితే నీటి పైనుంచి పదింట ఆరు వంతుల లోతులో పెట్టి తీసిన వేగమే ఆ ముక్కకి సగటు వేగం, అప్పుడు 0.85 అక్కర్లేదు. కాలేజీ ల్యాబుల్లో ఆ మీటర్ దొరుకుద్ది, అడిగి చూడండి.

మట్టం నుంచి ప్రవాహానికి పట్టిక

రోజూ సీసాలు వేసుకుంటూ కూర్చోలేం కాబట్టి వంతెన స్తంభానికి పెయింట్‌తో స్కేల్ గీసి, తక్కువ నీళ్లప్పుడు, మధ్యస్తంగా ఉన్నప్పుడు, నిండుగా ఉన్నప్పుడు, ఇలా వేర్వేరు మట్టాల దగ్గర ఓ పదీ పదిహేను సార్లయినా ప్రవాహం కొలవండి. తర్వాత మట్టానికీ ప్రవాహానికీ గ్రాఫ్ గీస్తే ఒక వంపు గీత వస్తది. దాని రూపం ఇలా ఉంటుంది: ప్రవాహం = క × (మట్టం − సున్నా మట్టం) ఘాతం చ. సున్నా మట్టం అంటే ఏ మట్టం దగ్గర ప్రవాహం ఆగిపోద్దో అది. ఎక్సెల్‌లో సున్నా మట్టం ఒకటి ఊహించుకుని, మట్టం తేడాకీ ప్రవాహానికీ లాగరిథమ్ తీసి స్లోప్, ఇంటర్సెప్ట్ ఫంక్షన్లు వాడితే స్లోప్ ఇచ్చేదే చ, ఇంటర్సెప్ట్ ఇచ్చినదానికి యాంటీలాగ్ తీస్తే క. సున్నా మట్టాన్ని కొంచెం కొంచెం జరుపుతూ చుక్కలన్నీ తిన్నని గీత మీదకి వచ్చేదాకా చూడండి. మామూలు కాలువలకి చ విలువ ఒకటిన్నర నుంచి రెండున్నర మధ్య పడుద్ది, అయిదో ఆరో వచ్చిందంటే సున్నా మట్టం తప్పు పెట్టారని.

ఇక్కడే మొదట చెప్పిన మాట అడ్డం వస్తది. గుర్రపు డెక్క, నాచు పట్టిన కాలువలో అదే మట్టానికి ప్రవాహం తగ్గిపోద్ది, కాబట్టి డెక్క తీసేముందు ఒక పట్టిక, తీశాక ఒక పట్టిక ఉండాలి, ఏది ఎప్పటిదో తేదీతో సహా రాసుకోవాలి. దిగువన లాకు దించితే మట్టం లేస్తది, ప్రవాహం పడిపోద్ది, పట్టిక చూస్తే మాత్రం ప్రవాహం పెరిగిందంటది. అలాంటి రోజుల రీడింగులు పక్కన పెట్టడానికి లస్కర్‌ని (కాలువ షట్టర్లు చూసుకునే ఉద్యోగిని) అడిగి షట్టర్ ఎత్తిన, దించిన టైములు రాసుకోండి, వాళ్లకి తెలిసినంత ఏ సైట్‌లోనూ ఉండదు.

ధవళేశ్వరం బ్యారేజీదీ ఇదే కథ. నాలుగు ఆర్మ్‌లు, ధవళేశ్వరం, ర్యాలి, మద్దూరు, విజ్జేశ్వరం, మొత్తం 175 గేట్లు. కాటన్ దొర ఆనకట్ట 1852కి పూర్తయితే దాని స్థానంలో ఇప్పటి బ్యారేజీ 1982కి పూర్తయింది. వరద లేనప్పుడు గేట్లు సర్ది నీటిని ఒక మట్టంలో నిలబెడతారు కాబట్టి ఆ మట్టం చూసి ఏం చెప్పలేం, తూర్పు, మధ్య, పశ్చిమ డెల్టాల కాలువలకి వదిలిందీ, సముద్రంలోకి వదిలిందీ కలిపితేనే వచ్చిన నీళ్లు తెలుస్తాయి. పెద్ద వరదలో గేట్లన్నీ పూర్తిగా లేపేస్తారు, అప్పుడే ఏరు స్వేచ్ఛగా పారుతుంది, అప్పుడే మట్టానికీ ప్రవాహానికీ పొంతన కుదురుద్ది. అందుకని మీ పట్టికలో వరద రోజులూ మామూలు రోజులూ కలిపేయకండి. ఇంకోటి, వరద పెరిగేటప్పుడు అదే మట్టానికి ప్రవాహం కొంచెం ఎక్కువ, తగ్గేటప్పుడు కొంచెం తక్కువ ఉంటుంది, గ్రాఫ్‌లో చిన్న ఉచ్చులా కనిపిస్తది, అది తప్పు కాదు, అలాగే ఉండాలి.

గోదావరి వరదకి రేపటి అంచనా

మోడల్ అంటే చాలామంది వెంటనే న్యూరల్ నెట్‌వర్క్ అంటున్నారు. వద్దండి, ముందు ఎక్సెల్‌తో మొదలెట్టండి.

భద్రాచలం, కూనవరం, కొంట, పోలవరం, ధవళేశ్వరం గంటల మట్టాలు పక్కపక్క కాలమ్‌లలో పెట్టండి. భద్రాచలం కాలమ్‌ని 6 గంటలు, 12, 18, 24, 30 ఇలా కిందికి జరుపుతూ ధవళేశ్వరం కాలమ్‌తో కోరెల్ ఫంక్షన్ వేసి చూస్తే ఏ జరుపుకి సంబంధం ఎక్కువో అదే నీళ్లు రావడానికి పట్టే టైం. కానీ ఉత్త మట్టాలతో వేస్తే ప్రతి జరుపుకీ 0.9 పైనే వచ్చి ఏదీ తేలదు, ఎందుకంటే వరదలో రెండు చోట్లా మట్టాలు కలిసే లేస్తాయి. గత ఆరు గంటల్లో ఎంత పెరిగింది, ఎంత తగ్గింది అనే తేడా కాలమ్ చేసి దానితో వేయండి, అప్పుడు శిఖరం స్పష్టంగా తెలుస్తుంది.

తర్వాత అంచనా సూత్రం. రేపు ఇదే టైంకి ధవళేశ్వరం మట్టం = ఇవాళ్టి ధవళేశ్వరం మట్టం + ఒక గుణకం × భద్రాచలం పెరుగుదల + ఇంకో గుణకం × కొంట పెరుగుదల. గుణకాలు లైనెస్ట్ ఫంక్షన్ ఇస్తది. కొంట ఎందుకంటే అది శబరి నది మీద ఉంది, ఆ శబరి గోదావరిలో కలిసేది కూనవరం దగ్గర, అంటే భద్రాచలానికి దిగువన. భద్రాచలం తగ్గిపోతోంది కదా అని ఊపిరి పీల్చుకుంటే ఇక్కడ తగ్గకుండా శబరి తోసేస్తది, సీలేరు నీళ్లు కూడా అందులోవే. దీన్లో ఒక మెలిక ఉంది, గోదావరి నిండుగా ఉన్నప్పుడు శబరిలోకి నీళ్లు ఎగదంతాయి, చింతూరు మునిగేది అలాగే, అప్పుడు కొంటలో మట్టం లేచినా అదంతా వచ్చే నీళ్లు కాదు. కాబట్టి కూనవరం మట్టం బాగా ఎక్కువున్న గంటలకి వేరే గుణకం పెట్టుకోండి, ఒకే గుణకం అన్నిటికీ సరిపోదు.

పోలవరం సంగతి. 2021 జూన్ నుంచి గోదావరిని స్పిల్‌వే మీదుగా మళ్లించారు, 48 గేట్లు. అంతకు ముందు వరదల డేటాతో తేల్చిన ప్రయాణ సమయం ఇప్పటికీ అదే ఉంటుందని అనుకోకండి. 2021 ముందు డేటాకి ఒకసారి, తర్వాత డేటాకి ఒకసారి వేర్వేరుగా లెక్కేసి తేడా చూడండి, తేడా ఉంటే కొత్తదాన్నే నమ్మండి.

మోడల్ బాగుందో లేదో చూసే పద్ధతి ఇది. ఒక పెద్ద వరదని, 2022 జూలై వరదని మొత్తంగా దాచేసి మిగతా వరదలతో గుణకాలు తేల్చి, అప్పుడు 2022ని అంచనా వేయించండి. ఆ వరదకి భద్రాచలం 71.3 అడుగులకి వెళ్లింది, ధవళేశ్వరంలో దాదాపు 25.8 లక్షల క్యూసెక్కులు. గంటలు కలగాపులగం చేసి కొన్ని దాచడం వద్దు, పక్క గంటలన్నీ మోడల్ చూసేసి ఉంటది కాబట్టి మార్కులు ఊరికే వచ్చేస్తాయి. పోటీకి ఇంకో మోడల్ పెట్టండి, "రేపు కూడా ఇవాళ్టి మట్టమే" అనేది. దాన్ని ఓడించలేని మోడల్ ఎంత పెద్దదైనా పక్కన పడేయొచ్చు. నాష్ సట్‌క్లిఫ్ అని 1970 నుంచి వాడుతున్న మార్కు ఉంది, 1 వస్తే అచ్చుగుద్దినట్టు, 0 వస్తే సగటు చెప్పినట్టే, కానీ పెద్ద నదికి ఆ మార్కు సులువుగా 0.9 దాటేస్తది, మురిసిపోకండి. మనకి కావాల్సినవి రెండు: శిఖరం ఎన్ని అడుగుల తేడాతో చెప్పింది, ఎన్ని గంటల తేడాతో చెప్పింది.

ఇంకో జాగ్రత్త, నేర్చుకున్న వరదల కంటే పెద్ద వరద వస్తే మోడల్ మాట చెల్లదు. 1986 ఆగస్టులో భద్రాచలం 75.6 అడుగులు, ధవళేశ్వరం 35 లక్షల క్యూసెక్కుల పైనే వెళ్లింది. అలాంటిది మళ్లీ వస్తుంటే మీ ఎక్సెల్ గీత చూసి ఎవరికీ ధైర్యం చెప్పకండి, అధికారుల హెచ్చరికే వినాలి.

ఈ లెక్క కుదిరాక కావాలంటే పైకి వెళ్లండి. జీఆర్4జే అని నాలుగే నాలుగు గుణకాల మోడల్ ఉంది, ఆర్ అనే ప్రోగ్రామ్ భాషలోని ఎయిర్‌జీఆర్ ప్యాకేజీలో ఉచితం, వాన నుంచి ప్రవాహం లెక్క కడుతుంది. ఇంద్రావతి, శబరి లాంటి ఉపనదులకి విడివిడిగా బాగా కుదురుద్ది, మొత్తం గోదావరికి ఒకే ముక్కగా వేయొద్దు, మూడు లక్షల చదరపు కిలోమీటర్ల పైన ఉన్న పరివాహకం, మధ్యలో ఎన్నో డ్యాములు. మూడు రోజుల పైన ముందుచూపు కావాలంటే గ్లోఫాస్, గూగుల్ ఫ్లడ్ హబ్ అనే వరద అంచనా సైట్లు చూడండి, పెరుగుతుందా తగ్గుతుందా అనే దిశకి వాడండి, అడుగులకి కాదు.

మీ రేవు మెట్ల లెక్క

లంకలో ఉన్నాయనకి ధవళేశ్వరంలో 14 అడుగులంటే ఏం తెలుస్తుందండీ? మన రేవులో ఎన్నో మెట్టు దాకా వస్తాయి, కాజ్‌వే మునుగుద్దా, పశువుల్ని ఇవాళే దాటించాలా, అదీ ఆయనకి కావాల్సింది. కాబట్టి ఊరి రేవులో మెట్లకి నంబర్లేసి, వరద రోజుల్లో పొద్దున ఆరింటికీ, సాయంత్రం ఆరింటికీ నీళ్లు ఎన్నో మెట్టు మీదున్నాయో ఫోటో తీసి పెట్టండి, ఫోటోలో టైం ఎలాగూ ఉంటది. ఒక్క సీజన్ చేస్తే ధవళేశ్వరం అడుగులకీ మీ మెట్టుకీ పట్టిక తయారు. ఇక్కడ క్యూసెక్కుల జోలికి అసలు పోనక్కర్లేదు, బ్యారేజీ కింద గౌతమి, వశిష్ట, వైనతేయగా చీలిపోయాక మీ పాయలో ఎన్ని లక్షలు పోతున్నాయో కొలవడం మన వల్ల కాదు, మట్టం నుంచి మట్టానికే వెళ్లడం మేలు. కనకాయలంక కాజ్‌వే లాంటి చోట్ల ధవళేశ్వరం ఎంతయితే రోడ్డు మీదకి నీళ్లొస్తాయో ఆ ఒక్క అంకె తేలినా బోలెడు పని జరిగినట్టే.

అంతర్వేది, ఓడలరేవు, యానాం వైపు వాళ్లకి ఇంకో కాలమ్ కావాలి, పోటు పాటు. రోజుకి రెండు పోట్లు, అవి కూడా రోజూ ఓ యాభై నిమిషాలు వెనక్కి జరుగుతాయి. వరద చిన్నదైనా పున్నమికో అమావాస్యకో పడితే మట్టం ఎక్కువ లేస్తది. కాకినాడ పోటు పట్టికలు దొరుకుతాయి, ఆ ఎత్తుని మీ సూత్రంలో ఇంకో అంశంగా కలిపేయండి. ఇసుక మేటలు ప్రతి వరదకీ మారతాయి కాబట్టి పట్టిక ఏటా సరిచూసుకోవాలి.

అంచనా చెప్పేటప్పుడు ఒక్క అంకె చెప్పొద్దు. గతంలో మీ మోడల్ ఎంతెంత తప్పిందో ఆ తేడాలన్నీ వరసగా పేర్చి, రెండు చివర్లా పదేసి శాతం వదిలేస్తే మిగిలిందే మీ హద్దు. "రేపు సాయంత్రానికి ఏడో మెట్టుకీ తొమ్మిదో మెట్టుకీ మధ్య" అని వాట్సాప్‌లో పెట్టండి, ఎన్ని గంటల డేటాతో చెప్పారో కూడా పెట్టండి.

వానకి మురుగు కాలువలు

డెల్టా మునిగేది గోదావరితోనే కాదు, తుఫాను వానకి డ్రెయిన్లు పొంగి కూడా. ఎర్రకాలువ పొంగి నందమూరు దగ్గర చేలు మునగడం, యనమదుర్రు డ్రెయిన్ నిండడం తెలిసినవే. వీటికి హెచ్ఈసీ హెచ్ఎంఎస్ సరిపోద్ది, అమెరికా ఆర్మీ ఇంజనీర్లు ఉచితంగా ఇస్తారు. అందులో కర్వ్ నంబర్ అనే పద్ధతి ఉంది, నేల ఎంత నీటిని పీలుస్తుందో చెప్పే నంబరు. 100 మిల్లీమీటర్ల వాన పడితే నంబర్ 80 అయితే 50 మిల్లీమీటర్లు పారుద్ది, 95 అయితే 85 పారుద్ది. అంటే అక్టోబర్లో చేలు నిండుగా ఉన్నప్పుడు పడ్డ వానా, జూన్లో ఎండిన నేల మీద పడ్డ వానా ఒకటి కాదు, నంబర్ నెల నెలకీ మార్చాల్సిందే. వరి చేల గట్లు కొంత నీటిని ఆపుతాయి, దాన్ని చిన్న చెరువులా లెక్కలోకి తీసుకోండి. డ్రెయిన్ సముద్రంలో కలిసే చోట పోటు ఉంటే నీళ్లు బయటికి పోవు, ఆ హద్దు పెట్టకపోతే మోడల్ మునక లేదంటది, ఊళ్లో మాత్రం మోకాల్లోతు నీళ్లుంటాయి.

మునిగే మ్యాపులకి హెచ్ఈసీ రాస్ వాడతారు. మంచి ప్రోగ్రామే, కానీ ఉచితంగా దొరికే 30 మీటర్ల ఎత్తుల డేటాతో డెల్టాలో మునక మ్యాపు గీయకండి. ఆ డేటాలో తప్పు మీటర్లలో ఉంటుంది, కొబ్బరి తోటల ఆకుల పైనే నేల అనుకుంటది, మన నేల చాలాచోట్ల సముద్రానికి కొద్ది మీటర్లే ఎత్తు. ఏటిగట్టు ఎత్తు మాత్రం లెవెల్ పెట్టి కొలిచింది ఉంటేనే ముందుకెళ్లండి.

బావులు, ఫిల్టర్ పాయింట్లు

బావిలో మట్టం తీయడం తేలిక గానీ సరిగ్గా తీయడం ఓపిక పని. బావి గోడ మీద ఒకచోట పెయింట్ గుర్తు పెట్టి ఎప్పుడూ అక్కణ్ణించే టేపు దించండి. స్టీల్ టేపు చివర సుద్ద రాస్తే ఎక్కడిదాకా తడిసిందో కనిపిస్తది. ఫిల్టర్ పాయింట్ అయితే మోటారు కట్టేసి కొన్ని గంటలయ్యాక, తెల్లవారుజామున తీయడం మంచిది, పక్క చేలో మోటారు నడుస్తుంటే అది కూడా రాసుకోండి. సముద్రం దగ్గర బావుల్లో పోటు పాటుకి మట్టం ఊగుతుంది కాబట్టి ఒకసారైనా 25 గంటలు గంట గంటకీ తీసి ఎంత ఊగుతుందో చూసుకోవాలి. ప్రెజర్ లాగర్ (నీటి ఒత్తిడిని బట్టి మట్టం రాసుకునే పరికరం) దించితే గాలి ఒత్తిడిని విడిగా కొలిచి తీసేయాలి, లేదంటే అల్పపీడనం వచ్చినప్పుడల్లా బావి మట్టం మారినట్టు చూపిస్తది.

కేంద్ర భూగర్భ జల బోర్డు చాలా బావుల్ని ఏడాదికి నాలుగుసార్లే చూస్తది. కాలువ కట్టేసినప్పుడు, వదిలినప్పుడు ఏం జరిగిందో ఆ నాలుగు చుక్కల్లో దొరకదు, పీజోమీటర్ల (మట్టం చూడటానికే దించిన పరిశీలన బోర్ల) రికార్డులు తీసుకోండి లేదా వారానికోసారి మీరే తీయండి.

మట్టంతో పాటు ఉప్పు కూడా చూడాలి. చిన్న ఈసీ మీటర్ (నీళ్లలో కరెంటు ఎంత పారుతుందో చూసి ఉప్పు చెప్పేది) చాలు. మంచి నీళ్లు తేలిక, ఉప్పునీళ్లు బరువు, అందుకని ఇసక నేలల్లో మంచి నీళ్లు ఉప్పునీళ్ల మీద తేలుతూ ఉంటాయి. ఘైబెన్, హెర్జ్‌బర్గ్ లెక్క ప్రకారం సముద్ర మట్టానికి పైన ఒక అడుగు మంచి నీళ్లుంటే కింద నలభై అడుగులు ఉండాలి. అంటే పైన ఒక్క అడుగు తగ్గితే కింద ఉప్పు నలభై అడుగులు లేచే దారిలో ఉందని. మధ్యలో బంకమట్టి పొరలుంటే ఈ లెక్క అచ్చంగా రాదు, కానీ అడుగు మట్టానికి ఎంత విలువుందో తెలియడానికి ఇది చాలు. లోతుగా దించిన పైపులో ఈసీ వారం వారం పెరుగుతుంటే మోటారు గంటలు తగ్గించాలి, పైపు ఇంకా లోతుకి దించడం మాత్రం చేయకూడని పని.

అంచనాకి పైథాన్‌లో పాస్టాస్ అనే ప్యాకేజీ ఉంది. బావి మట్టం, వాన, ఆవిరి ఇస్తే వాన పడ్డాక ఎన్ని రోజులకి బావి స్పందిస్తుందో అదే నేర్చుకుంటది. వేరే ప్రాంతాల ఉదాహరణలు చూసి వాన ఒక్కటే ఇస్తే మన బావులకి కుదరదు, ఎందుకంటే మన బావుల్ని ఎక్కువగా నింపేది కాలువే, నిండు వేసవిలో వాన చుక్క లేకపోయినా కాలువ పారుతుంటే బావి నిండుగానే ఉంటది. కాబట్టి ఇంకో కాలమ్ చేర్చండి: కాలువ పారిన రోజు 1, కట్టేసిన రోజు 0, వంతులవారీ నడిస్తే ఆ వంతు ప్రకారం. ఈ ఒక్క కాలమ్‌తో గీత ఎంత దగ్గరికొస్తుందో వేసి చూడండి. తర్వాత కాలువ మూసే తేదీ వారం ముందుకి జరిపితే, తెరిచే తేదీ రెండు వారాలు వెనక్కి జరిపితే మే నెలాఖరుకి మట్టం ఎంతుంటుందో అడిగి చూడొచ్చు.

మోడ్‌ఫ్లో గురించి అడుగుతారు కాబట్టి చెప్తాను. అమెరికా భూగర్భ సర్వే వాళ్లది, 1984 నుంచి ఉంది, ఇప్పుడు నడిచేది మోడ్‌ఫ్లో 6, ఉచితం. బొమ్మలతో పనిచేయాలంటే మోడల్ మ్యూజ్, పైథాన్‌తో అయితే ఫ్లోపై. డెల్టాకి పెట్టేటప్పుడు పాయలకీ కాలువలకీ రివర్ ప్యాకేజీ, మురుగు కాలువలకి డ్రెయిన్ ప్యాకేజీ, సముద్రం వైపు జనరల్ హెడ్ హద్దు, ఉప్పు బరువు లెక్కలోకి రావాలంటే బాయన్సీ ప్యాకేజీ. కాలువ కట్టేసిన నెలల్లో రివర్ ప్యాకేజీలో కాలువ గళ్లు తీసేయాలి, లేకపోతే మోడల్‌లో ఎండాకాలమే రాదు. దీనికి కనీసం రెండు మూడేళ్ల బావి మట్టాలు, బోర్లు వేసినప్పటి మట్టి పొరల వివరాలు కావాలి, అవి లేకుండా మొదలెడితే రంగు రంగుల మ్యాపు వస్తది గానీ ఏ బావికీ సరిపోదు.

మోడ్‌ఫ్లో జోలికి పోకముందు చేత్తో ఒక లెక్క చూసుకోండి. ఇసక నేలలో పోరోసిటీ (మొత్తం ఖాళీల వంతు) కాదు, స్పెసిఫిక్ ఈల్డ్ (మట్టం దిగినప్పుడు నేల నిజంగా వదిలే నీటి వంతు) చూడాలి, సుమారు 0.2 అనుకుందాం. మట్టం ఒక మీటరు దిగిందంటే ఆ నేల కోల్పోయింది 200 మిల్లీమీటర్ల నీళ్లు. బంకమట్టిలో అది 0.03 దాకా పడిపోద్ది, అప్పుడు అదే మీటరుకి పోయింది 30 మిల్లీమీటర్లే. ఒకే ఊళ్లో ఇసక దిబ్బ మీద బావీ, పల్లంలో బావీ రెండూ మీటరు దిగాయని సమానం అనుకోకూడదు. మోడల్ చెప్పే నీళ్ల లెక్క ఈ చేతి లెక్కకి దగ్గర్లో కూడా లేకపోతే ఇంకేమీ చూడకుండా ముందు స్పెసిఫిక్ ఈల్డ్ ఎంత పెట్టారో, తర్వాత కాలువ గళ్లు ఏ నెలల్లో తెరిచి ఉంచారో వెనక్కెళ్లి చూడండి.